మునుం బాకీ

వాన మొదలవగానే నేను చేసే మొదటి పని మేడ మీద ఆరేసిన బట్టలు తీయడం. రెండో పని సందు అవతల మా తోటికోడలి వాకిలి వైపు చూడడం. మొదటిది బట్టల కోసం, రెండోది కడుపుమంట కోసం. రెండింటిలో ఏది మానేసినా ఆ రోజు నాకు తోచదు.

చినుకు పడితే చాలు, అక్కడ పెళ్లింటి హడావుడి. గోడకు ఆనించిన పార బయటికొస్తుంది. యూరియా సంచి మడత పడి నెత్తికెక్కుతుంది. మా మరిది లుంగీ ఎగగట్టి బండి తీస్తాడు. ఆమె వాకిట్లో నిలబడి మబ్బును చూస్తుంది. తల్లిగారింటి నుంచి అన్న వస్తే చూసే చూపు అది. అదే వాన నా మేడ మీద కూడా పడుతుంది. పడి, పైపులోంచి దిగి, మోరీలో కలిసిపోతుంది. ఆమెకు వానొస్తే పని. నాకు వానొస్తే కరెంటు పోతుంది. ఒకే వీధిలో ఉన్నాం, ఒకే అత్తకు కోడళ్లం, కాని వాన మాత్రం ఆమెకొక్కదానికే చుట్టం.

నేను కుళ్లుబోతుదాన్ని. ఇంకొకరు అనేలోపు నేనే అనేస్తే ఆ పని అయిపోతుంది. అయితే మా ఇద్దరిలో ముందు కుళ్లుకున్నది ఆమె. అది కూడా చెప్పకపోతే నాకు అన్యాయం జరుగుతుంది.

మాది ఇబ్రహీంపట్నం పెద్ద చెరువు కింది ఊరు. అన్నదమ్ములు వేరుపడేటప్పుడు పెద్దవాడు పాళ్లు వేయాలి, చిన్నవాడు ముందు కోరుకోవాలి. మా ఇళ్లల్లో అదే పద్ధతి. ముందు కోరుకునేది తమ్ముడని తెలిస్తే అన్న ఎక్కువతక్కువలు చేయడని ఎవరో ఆలోచించే పెట్టి ఉంటారు. మా ఆయన రెండు పాళ్లు వేశాడు. రోడ్డు దగ్గరి ఎర్రచెలక ఒకటి, చెరువు కింది మడులు ఇంకొకటి. చెలక అంటే మెట్టనేల, వాన పడితే జొన్నలు, కందులు. మడి అంటే వరి. కాని వరికి నీళ్లు కావాలి, చెరువేమో ఎండిపోయి ఏళ్ల తరబడి పిల్లలు క్రికెట్ ఆడుకునే మైదానమైంది. బోరు కింద గుప్పెడు వరి తప్ప మడుల నిండా తుమ్మచెట్లే. తమ్ముడు చెలకే అడుగుతాడని అందరం అనుకున్నాం.

మరిది వెనక్కి తిరిగి పెళ్లాం మొహం చూశాడు. ఆమె గడపలో నిలబడి గడ్డం కొంచెం పైకెత్తింది. అంతే.

"మాకు మడులే కావాలె," అన్నాడు.

కూర్చున్న పెద్దమనుషులు నవ్వారు. నేను కొంగు అడ్డం పెట్టుకున్నాను. తరవాత వంటింట్లో ఆమెను ఆపుకోలేక అడిగాను, చూసి చూసి ఎండిన మడులు తీసుకోవడమేంటని.

"మా తల్లిగారింటికాడ అంత చెలకనే అక్కా," అంది. ఆమెది యాచారం వైపు. "మొగులు దిక్కు చూసి చూసి మా అవ్వకు మెడలు గుంజేటివి. చెరువు కింద మడి అంటే, చెరువెండినా గది మడే."

"ఆ, కూసో. ఎండిన చెరువుల చేపలు వడుదువు గాని," అన్నాను.

తరవాత కొన్నాళ్లకే హైదరాబాదు మా వైపు నడిచి రావడం మొదలుపెట్టింది. శేరిగూడలో కాలేజీలు లేచాయి. సాగర్ రోడ్డు మీద పొద్దున్నే కాలేజీ బస్సులు ఒకదాని వెనక ఒకటి పోతుంటే రోడ్డు దాటడానికి అరగంట నిలబడాల్సి వచ్చేది. చెలకల్లో రంగురంగుల జెండాలు, షామియానాలు. ఆదివారం కార్లలోంచి మొగుడూ పెళ్లాలు దిగి, మేం జొన్న విత్తిన చోట నిలబడి తూర్పు ఎటు అని అడిగేవాళ్లు. మా ఆయన చెలక ఇచ్చేశాడు. ఎంతకిచ్చాడో ఊళ్లోవాళ్లు నాకంటే బాగా చెప్పేవాళ్లు. మేడ లేచింది. కింద పాలరాయి, వంటింట్లో నల్లబండ, తిప్పితే నీళ్లొచ్చే నల్లా.

గృహప్రవేశం రోజున మా తోటికోడలు పగిలిన మడమలు కనపడకుండా చీర కిందికి లాక్కుంటూ వచ్చింది. నల్లబండను వేలితో నిమిరింది. "మస్తుందక్కా," అంది. ఆ మాటలో ఒక ముల్లుంది. విన్నాను. చెవుల్లో తేనె పోసినట్టయింది. ఆ తరవాత ఆమె బిందె చంకన పెట్టుకుని సందులోంచి పోతుంటే నేను కావాలని నల్లా గట్టిగా తిప్పేదాన్ని. బకెట్లో నీళ్ల చప్పుడు ఆమెకు వినపడాలి. అలా కొన్నేళ్లు నా రోజులు బాగానే గడిచాయి.

ఇక్కడ మా వీధి ఆడవాళ్ల బదులు సంగతి చెప్పాలి.

మా దగ్గర డబ్బిచ్చి కైకిలికి పిలవడం తక్కువ. బదులుకు పిలుస్తాం. నీ మడికి నేనొక దినం, నా చెలకకు నువ్వొక దినం. ఆ దినానికి గడియారం లేదు, పొద్దు లెక్క కూడా లేదు. మడి నిండితే దినం నిండినట్టు. చిన్న మడి అయితే సద్ది తినే వేళకే ఇంటికి రావచ్చు. పెద్ద మడి అయితే చీకటి పడేదాకా వంగాల్సిందే. రెండూ ఒక దినం కిందికే వస్తాయి. మడి నిండకుండా ఒడ్డెక్కితే మాత్రం ఆ దినం లెక్కకు రాదు, మళ్లీ పోవాల్సిందే. ఎవరి దినం చెల్లిందో ఎవరిది చెల్లలేదో మా వీధి చివరి ముస్లిం ఇంటి పెద్దావిడ చెప్పేది. ఆమెను అందరం ఖాలా అంటాం. ఖాలా చెల్లిందంటే చెల్లినట్టే, దాని మీద మాట ఉండదు.

నాటేసేటప్పుడు ఒక్కొక్కరు వంగి వెనక్కి నడుస్తూ నాటుకుంటూ పోయే పట్టీని మునుం అంటారు. ఒడ్డు పక్క మొదటి మునుం ఖాలాది. ఆమె పక్కన నాది, నా పక్కన మా తోటికోడలిది, అటు మిగతావాళ్లవి. నేను కోడలిగా వచ్చిన ఏడు నుంచి నా మునుం అదే. వంగి ఉన్నప్పుడు ఎవరి మొహమూ ఎవరికీ కనపడదు కనుక నోళ్లు బాగా తెరుచుకుంటాయి. మా పెద్దపిల్లకు సంబంధం మునుంలోనే మాటకొచ్చింది. ఎవరి మొగుడు తాగి ఎక్కడ పడ్డాడో, ఎవరికి నెల తప్పిందో, ఏ దవాఖానలో డాక్టరమ్మ కసురుకోకుండా చూస్తుందో, అన్నీ అక్కడే. కొట్లాటలూ అక్కడే. కాని పక్క మునుం మనిషితో మాట్లాడడం మానేస్తే నారు కట్ట ఎవరందిస్తారు? అందుకని మా కోపాలు మడి అటు ఒడ్డు చేరేదాకా కూడా ఉండేవి కావు.

ఇప్పుడు ఆలోచిస్తే, మమ్మల్ని పక్కపక్కన నిలబెట్టింది మా మంచితనం కాదు, వరి. నారు ముదిరేలోపు నాటాలి, ఒక్కదాని చేతుల మీద అయ్యే పని కాదు, కనుక నచ్చనిదాన్ని కూడా పిలవాలి. మా మడుల గట్లు కూడా ఆ లెక్కనే కట్టినవి. ఇంతమంది ఆడవాళ్లు ఒక పొద్దుకు ఎంత నాటగలరో చూసి అక్కడ గట్టు పెట్టేవాళ్లని మా అత్త చెప్పేది. మడిని మనుషులు కొలిచారో, మనుషుల్ని మడి కొలిచిందో నాకు తెలియదు. చెలక అమ్మినప్పుడు దానితో పాటు ఇదంతా పోతుందని మాత్రం ఎవరూ చెప్పలేదు. నల్లా చప్పుడు సంబరంలో నాకూ తోచలేదు.

తెలిసింది చెరువు నిండిన ఏడు. మేడ కట్టిన నాటి నుంచి అప్పటిదాకా బోర్లు కూడా ఎండి వీధిలో బదులుకు పిలిచేంత నాట్లే లేవు.

ఆ వానాకాలం వాన వదల్లేదు. ఒక పొద్దున వీధిలోంచి ఎవరో అరుస్తూ పరిగెత్తారు, అలుగు దుంకుతోందని. చెరువు నిండి నీళ్లు పొర్లిపోతున్నాయంటే నమ్మేవాళ్లు లేరు. ఇబ్రహీంపట్నం ఇబ్రహీంపట్నమంతా కట్ట మీదే ఉంది. పసుపు కుంకుమలు, కొబ్బరికాయలు, ఫోన్లు పట్టుకుని సెల్ఫీలు. మా తోటికోడలు కట్ట మీద నిలబడి వెక్కి వెక్కి ఏడ్చింది. నేనూ ఏడ్చాను. ఆమె నీళ్లను చూసి ఏడ్చింది, నేను ఆమెను చూసి ఏడ్చాను. పక్కనున్నవాళ్లు మా ఇద్దరికీ కలిపి ఒకటే కొబ్బరిముక్క పెట్టారు.

తుమ్మలు కొట్టేశారు. దున్నారు. నారు పోశారు. నేను పెట్టె అడుగు నుంచి పాత నేత చీర తీసి దులిపి పెట్టుకున్నాను. పిలుపు వస్తుందనే అనుకున్నాను. రాకపోవడమనేది నా ఊహలో లేదు.

ఒక పొద్దున సందులో అడుగుల చప్పుడైతే మేడ మీంచి చూశాను. ముందు ఖాలా, వెనక మా తోటికోడలు, ఆ వెనక వీధి ఆడవాళ్లు, చేతుల్లో సద్ది మూటలు. మా ఇంటి కిందినుంచే పోతున్నారు. ఒక్కరూ తలెత్తలేదు.

"ఏందే, నన్ను పిలుస్తలేరేంది? నేను సచ్చిన్ననుకున్నరా?" అని అరిచాను.

మా తోటికోడలు ఆగింది. "నిన్నెట్ల పిల్వాలె అక్కా?" అంది. నిజంగానే అడిగింది. "కైకిలికి పిలిస్తే నీకు నామోషి. బదులుకు పిలిస్తే, మల్ల మేం నీకు దినం యాడ పెట్టాలె? నీ మేడ మీద నాటెయ్యాల్నా?"

అందరూ నవ్వారు. ఖాలా కూడా నవ్వింది.  

ఆ రోజంతా మేడ దిగలేదు. మడిలో వంగినవాళ్లలో ఎవరు ఎవరో అంత దూరం నుంచి కూడా నడుములను బట్టి గుర్తుపట్టాను. ఖాలా పక్కన ఖాళీ ఉంటుందని, నా చోటు నోరు తెరుచుకుని కనిపిస్తుందని చూశాను. ఖాళీ లేదు. మా తోటికోడలు ఒక అడుగు అటు జరిగి నా మునుం పట్టుకుంది, అంతే, వరస కలిసిపోయింది. నాటిన చోటల్లా నీళ్ల మీద పచ్చటి చుక్కలు లేస్తుంటే వెనకే కొంగలు దిగాయి. వాటిని బదులుకు ఎవరు పిలిచారు? వాటిపాటి సిగ్గులేనితనం నాకుంటే నేనూ దిగేదాన్ని. సాయంత్రం మోకాళ్ల దాకా బురదతో, నడుములు పట్టుకుని అబ్బా అమ్మా అంటూ తిరిగొచ్చారు. ఆ మూలుగులను చూసి కూడా కుళ్లుకున్నాను. నా నడుమూ నొస్తుంది, టీవీ ముందు కూర్చుని కూర్చుని. కాని ఆ నొప్పి ఎవరితో చెప్పుకుంటే నవ్వరు?

ఆ తరవాత చిన్న చిన్న సంగతులు ఒకటొకటే నా కంట్లో పడడం మొదలైంది. వీధిలో ఒకామె కోడలికి కాన్పయిన సంగతి నాకు పురుడు రోజున పాలవాడు చెబితే తెలిసింది. ఖాలాకు కంటి ఆపరేషన్ అయితే కట్టు విప్పాక చూశాను. ఆరుద్ర కార్తె వచ్చిందో పోయిందో గోడ మీది క్యాలెండర్ చెప్పాలి. ఒకప్పుడు అది నా అరికాళ్లకు తెలిసేది. బురద పైన గోరువెచ్చగా, లోపల చల్లగా ఎప్పుడుంటుందో, కప్పల అరుపు ఎప్పుడు మారుతుందో ఎవర్నీ అడగాల్సిన పని ఉండేది కాదు. ఇవన్నీ మా తోటికోడలికి ఇంకా తెలుసు. ఆమె తన దగ్గర అలాంటి ఆస్తి ఉందని కూడా ఎరగదు. అదే నన్ను మరీ కాల్చేసింది.

మరుసటి వానాకాలం ముందర మా ఆయన అన్నం తింటుంటే చెప్పాను, మన ప్లాటు నేను దున్నుతానని. వెంచర్ వాళ్లు చెలక తీసుకున్నప్పుడు చివరన, కల్వర్టు పక్కన, మాకొక ప్లాటు వదిలారు. నాలుగు మూలలా సున్నం కొట్టిన రాళ్లు. మా ఆయన ఆ వెంచర్ ఆఫీసులోనే కుర్చీ వేసుకుని కూర్చుంటాడు, వచ్చినవాళ్లకు మట్టి గట్టిదని చెబుతాడు.

"ఏమేస్తవ్ దాంట్ల?" అన్నాడు.

"వరి."

ముద్ద నోటి దగ్గర ఆగిపోయింది. "చెలకల వరా? పానం మంచిగుందా నీకు? జొన్నలెయ్యి, కందులెయ్యి. ఎర్రమట్టిల నీళ్లు నిలుస్తయా?"

ఆ మాట చిన్నపిల్లకైనా తెలుసు. జొన్న వేసి కలుపుకు పిలిస్తే అదీ ఒక దినమే, నాకు కావాల్సింది దొరుకుతుంది. కాని ఆమె మడిలో వరి ఊగుతుంటే నా దాంట్లో జొన్నా? చెలకల్లో పుట్టి పెరిగిన ఆమె వరి నాటాలి, చెరువు కిందికి కోడలిగా వచ్చిన నేను జొన్న చల్లుకోవాలా? కళ్లు మూసుకుపోయాయి. వరే అన్నాను.

గట్లు పోయించాను. మడి నానడానికి ట్యాంకర్ నీళ్లు తెప్పించాను. నేల గటగటా తాగేసి మళ్లీ నోరు తెరిచింది. మళ్లీ ట్యాంకర్. పక్క వరసలో ఇల్లు కట్టుకున్న సిటీ ఆవిడ కుక్కను తిప్పుకుంటూ వచ్చి, "స్విమ్మింగ్ పూల్ కడుతున్నారా ఆంటీ?" అని అడిగింది. అవునన్నాను. ఆమెతో నాకెందుకు?

ఇక నారు కావాలి. నారు ఉన్నది మా తోటికోడలి దగ్గర. నారు అడిగినవాళ్లను ఉత్తచేతులతో పంపడం మా దగ్గర లేదు, అయినా ఆమె నారుమడి ఒడ్డు మీద నిలబడి అడగడానికి నాకు ప్రాణం మీదికొచ్చింది.

"యాడికక్కా నారు?"

"నా మడికి."

నవ్వుతుందని చూశాను. నవ్వితే అనడానికి నాలుగు మాటలు నాలుక చివర పెట్టుకునే వచ్చాను. ఆమె నవ్వలేదు. వంగి, మంచి కట్టలు ఏరి ఏరి నా గంపలో పెట్టింది. అది ఇంకా మండింది.

"రేపు మా నాటు. అందరు రాండ్రి," అన్నాను, రోజూ అనే మాటలాగా.

వచ్చారు. వెంచర్ కమాను కిందినుంచి, తారురోడ్డు మీద, చెప్పుల్లేకుండా వరసగా వస్తుంటే కాపలాదారు కుర్చీలోంచి లేచాడు, ఎవరి ప్లాటు చూడడానికని. "చూసెటందుకు కాదు బిడ్డా, నాటేసెటందుకు," అంది ఖాలా. అందరూ దిగితే మడిలో భుజాలు రాసుకున్నాయి. నవ్వులే నవ్వులు. నా మునుం నాకు వచ్చింది, ఖాలా పక్కన. నారు వేళ్ల మధ్య పట్టుకుని బురదలోకి దింపగానే బొటనవేలికి తన పని తనకు గుర్తొచ్చింది. నేను గట్టు పక్క పొయ్యి మీద పెట్టిన చాయ్ పొంగేలోపు మడి నిండిపోయింది.

పూర్తి దినానికి పెట్టినట్టే పెట్టాను, బగారన్నం, కోడికూర. రోడ్డు పక్క సిమెంటు దిమ్మెల మీద కూర్చుని తింటున్నారు. అప్పుడు ఒకామె అననే అంది, "గిది దినమెట్లయితది ఖాలా? నా మంచం కూడ పట్టదు దీంట్ల."

నా చేతిలో గరిటె ఆగిపోయింది. దీని కోసమే ట్యాంకర్లు తెప్పించాను, దీని కోసమే ఆమె దగ్గర నారు అడిగాను. మా తోటికోడలు ఎముక చప్పరిస్తూ ఖాలా వైపు చూసింది.

ఖాలా నిదానంగా నమిలింది. "మడి నిండిందా లేదా?"

"నిండింది."

"నిండితే దినమే."

అంతే. నేను వీధిలో ఇంటింటికీ ఒక దినం బాకీ పడ్డాను. మా ఆయన ఆ సంగతి విని నెత్తి కొట్టుకున్నాడు. "అర్ధగంట పనికి అందరిండ్లల్ల దినాలకు దినాలు చాకిరి చేస్తవా? నిన్ను మస్తు ముంచిండ్రు," అన్నాడు. మొగవాళ్లకు లెక్కలు వచ్చినంతగా ఇలాంటివి రావు. ప్లాటులో నారు వారం తిరక్కుండానే పసుపెక్కి ఎండుగడ్డయింది. ఎండితే ఎండనీ అనుకున్నాను. అటు వైపే పోలేదు.

మా తోటికోడలి మడిని కావాలని చివరికి పెట్టుకున్నాను. ముందు మిగతావాళ్ల మడులకు పోయాను. రోజూ పొద్దున పాత చీర ఎగగట్టి, సద్ది పట్టుకుని ఆమె వాకిలి ముందునుంచే నడిచేదాన్ని.

"మా మడికెప్పుడొస్తవక్కా? నారు ముదురుతుంది," అనేది.

"చూద్దాం. జర తీరికుండాలె గద," అనేదాన్ని. ఎన్నేళ్లకో మళ్లీ నాలుకకు రుచి తెలిసింది.

కాళ్ల వేళ్ల సందుల్లో బురదపుండ్లు లేచాయి. రాత్రి కొబ్బరినూనె రాసుకుంటూ వాటిని లెక్కపెట్టుకోవాలనిపించేది, నగల్లాగా. వీధిలో ఎవరి సంగతి ఏంటో మళ్లీ అందరికంటే ముందు నాకే తెలిసేది. కాని ప్రతి సాయంత్రం కాళ్లు కడుక్కునేటప్పుడు ఖాలా ఒక మాట అనేది, "ఈమెది చెల్లింది," అని. ఒక్కొక్క ఇల్లు చెల్లుతుంటే నాకు లోపల గుబులు పట్టుకుంది. చెల్లిందంటే ఇక ఆ ఇంటికి నేను పోవాల్సిన పని లేదు. అందరివీ చెల్లితే మళ్లీ మేడ మీదికే.

అదే వారం మా ఆయన చెప్పాడు, ప్లాటుకు బేరమొచ్చిందని, మాట కూడా ఇచ్చేశాడని. దసరాకు రిజిస్ట్రేషన్. వచ్చే ఏడు పిలవడానికి ఆ మంచంపాటి జాగా కూడా ఉండదు. నేను ఎవరికీ చెప్పలేదు. కాని చాయ్ హోటల్లో మా ఆయనే చెప్పి ఉంటాడు, ఆయన నోట్లో నువ్వుగింజ నానదు.

చివరి రోజు మా తోటికోడలి పెద్ద మడి. దిగేటప్పుడు ఆమె ఖాలా పక్క నుంచి ఒక అడుగు జరిగింది. "రా, నీ జాగల నువ్వుండు," అంది. నా చోటు నాకు ఆమె ఇవ్వడమేంటి? పళ్లు కొరుక్కుని దిగాను.

చేతులు సాగలేదు. నిజం చెప్పాలంటే సాగనివ్వలేదు. ఒక్కో నారుకర్ర నాటి, సరిగ్గా నిలబడిందా లేదా అని చూసి, మళ్లీ ఒకటి. ఈ మడి నిండితే నా కథ ముగిసినట్టే. "ఏమైందే, చేతులు వడిపోయినయా?" అని నవ్వారు. మునుంలో ఒకరు వెనకబడితే పక్కనున్నవాళ్లు చెయ్యి చాపి వాళ్ల వరసలు కూడా కొన్ని అందుకుంటారు. కడుపుతో ఉన్నవాళ్లకు, పెద్దవాళ్లకు అలాగే చేస్తాం, అడగాల్సిన పని లేదు. మా తోటికోడలు చెయ్యి నా మునుంలోకి చాపింది. చాపి, నా మొహం చూసి, ఏమనుకుందో ఏమో, వెనక్కి తీసుకుంది. అటు పక్క నుంచి ఖాలా చాపబోతే, "ఉండనీ ఖాలా," అంది. చూశావా దీని బుద్ధి, నలుగురిలో నన్ను చేతగానిదాన్ని చేసి నిలబెడుతోంది అనుకున్నాను. బురదలో నిలబడే ఒళ్లంతా మండిపోయింది.

అందరూ అటు ఒడ్డు చేరేసరికి మడంతా పచ్చగా ఉంది, నా మునుం ఒక్కటే సగం నుంచి ఉత్త నీళ్ల పట్టీలాగా మిగిలింది. పొద్దు ఇంకా ఉంది. అందరూ తలా ఒక చెయ్యి వేస్తే ఎంతసేపు పని? ఖాలా మళ్లీ వంగబోయింది.

"వద్దు ఖాలా, ఇయ్యాల్టికి సాలు. ఒడ్డెక్కుండ్రి," అంది మా తోటికోడలు.

"గా మునుం?"

"గది అక్కది. అక్కనే ఏస్తది."

"ఎప్పుడు?"

"ఎప్పుడన్న ఏస్తది." కాలువలో కాళ్లు కడుక్కుంటూ, నా వైపు చూడకుండా, అందరికీ వినపడేటట్టు అంది. "మడి నిండలే. అక్క దినం చెల్లలే."

ఖాలా ఆమెను చూసింది. నన్ను చూసింది. "అవ్, చెల్లలే," అంది.

సద్ది గిన్నెలు తీసుకుని అందరూ నడిచారు. నేను కాలువలో కాళ్లు పెట్టుకుని అక్కడే కూర్చుండిపోయాను. ఆ పట్టీ ఖాళీగా ఉన్నంతకాలం నా దినం బాకీ. బాకీ ఉన్న మనిషిని వరసలోంచి తీసేయరు. ప్లాటు ఉన్నా పోయినా, వచ్చే ఏడు సందులోంచి పోయేటప్పుడు తలెత్తి పిలవాల్సిందే. చెయ్యి వెనక్కి తీసుకున్నప్పుడే ఆమె ఇది ఆలోచించింది. అన్నం పండే నేలలో అంత పట్టీ నా కోసం నాటకుండా పడావు పెట్టింది.

ఏడుపు రావాల్సింది. కుళ్లు వచ్చింది. మడులు ఆమెవి, నీళ్లు ఆమెవి, నారు ఆమెది, ఇప్పుడు ఈ పెద్దమనసు కూడా ఆమెదేనా? ఇన్నేళ్లలో నేను ఆమెకిచ్చింది నల్లా చప్పుడు. నాకు ఇవ్వడానికి ఆమె దగ్గర ఎప్పుడూ ఏదో ఒకటి ఎలా ఉంటుంది? నాకొద్దు ఆమె దానం. పొద్దున్నే పోయి ఆ మునుం నింపేసి, చెల్లిందని నా నోటితోనే చెప్పి వచ్చేస్తాననుకున్నాను.

పోయాను. నిన్న మిగిలిన నారు కట్టలు ఒడ్డు మీద తడిగుడ్డ కింద ఉన్నాయి. దిగి, వంగి, ఒక్కదాన్నే నాటడం మొదలుపెట్టాను. నా జన్మలో ఒంటరిగా నాటేయడం అదే. కట్ట అందించేవాళ్లు లేరు. అనడానికి మాట ఉంది, వినేవాళ్లు లేరు. కోపంలో చెయ్యి గబగబా సాగింది. వెనక్కి నడుస్తూ నడుస్తూ అటు ఒడ్డు దగ్గరికి వచ్చేశాను. తలెత్తి చూస్తే మా తోటికోడలు ఎప్పుడొచ్చిందో, అవతలి గట్టు మీద పార పట్టుకుని నీళ్లు మళ్లిస్తోంది. నన్ను చూడనట్టే ఉంది.

చేతిలో కట్ట ఉంది. మునుం చివరన రెండు చేతులంత జాగా మిగిలింది. నాలుగు కర్రలు గుచ్చితే నిండిపోతుంది. కుళ్లుబోతుదాన్నే గాని తెలివితక్కువదాన్ని కాను. కట్టను ఒడ్డు మీద పడేసి కాళ్లు కడుక్కున్నాను.

"ఒడిసిందా అక్కా? మునుం నిండిందా?" అని అవతలి గట్టు మీంచి అరిచింది.

"యాడొడిసింది?" అన్నాను. "ఇంక జరంత ఉన్నది."